ప్లూస్టన్, ప్లవకం: ధాత్వర్థ పరిశీలన

‘ప్లాంక్టన్’కు సమానార్థకంగా మన పాఠ్యపుస్తకాలు ‘ప్లవకం’ అనే మాటను స్థిరపరిచాయి. ధాతువును బట్టి చూస్తే ఈ మాట దానికి చెందదు. సముద్ర జీవశాస్త్రంలో అరుదుగా కనిపించే ‘ప్లూస్టన్’ అనే మరో పదానికి చెందుతుంది.

1887లో జర్మన్ శాస్త్రవేత్త విక్టర్ హెన్సెన్ ప్లాంక్టన్ అనే పేరును ప్రవేశపెట్టారు. దాని గ్రీకు మూలానికి ‘దిక్కులేక తిరిగేది’ అని అర్థం. ప్రవాహానికి ఎదురీదలేని జీవులకు ఆ పేరు తగినదే. అయితే తేలడమనే భావం అందులో లేదు. ప్లాంక్టన్ లోతైన నీటిలోనూ ఉంటుంది.

ప్లూస్టన్ పదాన్ని ష్రోటర్, కిర్ష్‌నర్ 1896లో కాన్‌స్టాన్స్ సరస్సులోని వృక్షజాలాన్ని వర్ణిస్తూ వాడారు. మంచినీటి మొక్కలకు పుట్టిన ఈ పేరు తరవాత సముద్రానికి విస్తరించింది. దేహంలో కొంత భాగం నీటిలో, కొంత గాలిలో ఉండే జీవులను అది సూచిస్తుంది. ఫైసేలియాకు గాలితిత్తి, వెలెల్లాకు తెరచాప వంటి పలక ఉంటాయి. వాటిని నడిపేది ప్రధానంగా గాలి. ప్లూస్టన్‌కు మూలమైన గ్రీకు క్రియకు ‘నావపై పోవు’ అని అర్థం. సంస్కృత ‘ప్లు’ ధాతువు దానికి సజాతీయం. ‘ప్లవం’ అంటే తెప్ప. (కప్పకూ అదే పేరుండడం వేరే ముచ్చట.) తెరచాప గల వెలెల్లాకు ఇంతకన్న తగిన పేరు దొరకదు.

అయినా ఇప్పుడు మార్చబూనడం అవివేకం. వృక్షప్లవకం, జంతుప్లవకం రూఢమయ్యాయి. యోగార్థంకన్న రూఢ్యర్థమే బలవత్తరం. పోనీ, ప్లూస్టన్‌ను ‘ఉపరితల ప్లవకం’ అందామంటే, నీటి పైపొరను ఆశ్రయించిన జీవులకు ఐనార్ నౌమన్ 1917లో పెట్టిన ‘న్యూస్టన్’తో అది కలిసిపోతుంది. కనుక ప్లూస్టన్‌ను యథాతథంగా గ్రహించి, మొదటి ప్రయోగంలోనే నిర్వచనం చేర్చడం మేలు.