గోఖలే కట్టిన ద్వారక

మాలూరు తాలూకాలోని మా లక్కూరు ప్రాంతమున తెలుగు మా యింటి భాష. కన్నడము బడి భాష. భారతకథను పెద్దల నోట వినియుంటిమి గాని, ద్వారకానగరమును మాకు మొదట చూపినది డేరా సినిమాలో ఆడిన ‘మాయాబజార్’. రామారావు, రంగారావు, సావిత్రిగార్ల పేర్లు ఆ రాత్రియే కంఠస్థములైనవి. ఆ నగరమును కట్టినవా రెవరో తెలిసికొనుటకు మాత్రము మాకు చాల యేండ్లు పట్టినది.

వారిలో ముఖ్యులు మాధవపెద్ది గోఖలేగారు. 1917లో గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరున జన్మించిరి. మద్రాసు చిత్రకళాశాలలో దేవీప్రసాద్ రాయ్ చౌదరిగారి శిష్యులైరి. పత్రికలలో పనిచేసిరి; కథలు వ్రాసిరి. కుంచెయు కలమును రెండును పట్టిన ఈ చేయి తుదకు సినిమా కళాదర్శకత్వమున కుదురుకొనెను.

విజయా సంస్థవారి ‘పాతాళభైరవి’ (1951), ‘పెళ్ళి చేసి చూడు’ (1952), ‘మిస్సమ్మ’ (1955) చిత్రములకు గోఖలే, కళాధర్‌గార్లు కలసి పనిచేసిరి. మాంత్రికుని గుహ నొకప్పుడు, జమీందారు లోగిలి నింకొకప్పుడు కల్పింపవలెను. గుహను చూచి ప్రేక్షకుడు భయపడవలెను. లోగిలిని చూచి తన బంధువుల యిల్లే యనుకొనవలెను. ఇందు రెండవది సులభమని తోచును గాని, అట్లు కాదు. మాంత్రికుని గుహను చూచినవా రెవరును లేరు. లోగిలిలో తప్పు దొరలినచో ప్రతి గృహిణియు పట్టుకొనును.

కె. వి. రెడ్డిగారి దర్శకత్వమున 1957లో వెలువడిన ‘మాయాబజార్’కు పాత్రల వేషములకును నగలకును గూడ వీరే ముందుగా బొమ్మలు గీసిరి. ద్వారక కొరకు 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పు గల స్థలమున సుమారు 300 నమూనా యిండ్లను నిర్మించిరి. గుమాస్తా పనిలో తల నెరసినవారము గాన మాకు లెక్క వేయక తోచదు: మొత్తము 3,000 చదరపుటడుగులు, వీథులతో గలిపి ఇంటికి 10 చదరపుటడుగులు మాత్రమే! పైగా ప్రతి యింట విద్యుద్దీపము వెలుగవలెనని గోఖలేగారు కోరిరట. మార్కస్ బార్ట్‌లీగారి కెమేరా ముందు ఆ చిన్న దీపములే మహానగరమైనవి. ఇటుకలకును పెంకులకును పేరుపడిన మాలూరువారమైనను, అది బొమ్మల ఊరని మాలో నెవరికిని తోచలేదు.

చిత్రీకరణ ముగిసిన పిమ్మట ఇట్టి కట్టడములు నిలువవు. తాపీవాని గోడ వాని మనుమలకు గూడ కనబడును. కళాదర్శకుని గోడకు ఫిలిమే గతి. గోఖలేగారు 1981లో కీర్తిశేషులైరి. వారు నలుపు తెలుపులలో నిలిపిన ద్వారక 2010లో రంగులు పూసుకొని మరల థియేటర్లకు వచ్చినది. మేము ఉద్యోగమున వ్రాసిన చిత్తుల క్రింద అధికారుల సంతకములే యుండెడివి గనుక, ఈ మరుగుపాటు మాకు కొంత తెలియును.

ఇప్పుడు మన జిల్లాకే ఈ విద్య వచ్చినది. 2001లో మూతబడిన కోలారు బంగారు గనుల సైనైడ్ దిబ్బలపై ‘కె.జి.ఎఫ్.’ కన్నడ చిత్రము తీసిరి. 2018లో విడుదలయైన ఆ చిత్రమునకు కళాదర్శకులు శివకుమార్‌గారు. అందలి ‘నరాచి’ కల్పితము; గనులలో దిగి ఊపిరితిత్తులు చెడగొట్టుకొన్నవారు కల్పితులు గారు. మన పిల్లలకు ఈ రెండును తెలియవలెను. కట్టినవారి నేర్పును మెచ్చుకొనుటకు కట్టిన దేదో, ఉన్న దేదో ఎరిగియుండుట అవసరము.

మన పిల్లలలో అనేకులు తెలుగు మాటలాడుదురు గాని చదువలేరు. కన్నడ లిపి వచ్చినవారికి తెలుగు లిపి యెంత దూరము? ఈ పండుగకు ఇంట ‘మాయాబజార్’ వేసికొనునపుడు, మొదటి పేర్ల పట్టికను వారిచేతనే బిగ్గరగా చదివింపుడు. గోఖలే, కళాధర్ అను పేర్లు వచ్చువరకు ఆపకుడు.