కత్తెర పట్టినాయన

పోయిన ఆదివారం మా రాంగోపాల్‌పేట రూములో టీవీలో 'ఒక్కడు' (2003) వస్తోంది. కొండారెడ్డి బురుజు సీను ఎన్నోసారి చూశామో లెక్కలేదు. హీరో, డైరెక్టర్ పేర్లు గడగడా చెప్పిన మా రూమ్మేటుగాడు ఎడిటర్ ఎవర్రా అంటే మొహం తేలేశాడు.

ఆయన ఎ.శ్రీకర్ ప్రసాద్. ఎల్వీ ప్రసాద్ గారి సోదరుడు, ఎడిటర్ అక్కినేని సంజీవి గారి అబ్బాయి. మినిస్టర్ రోడ్డు మీదుగా నెక్లెస్ రోడ్డుకెళ్లి మనం సినిమాలు చూసే ప్రసాద్స్ కూడా ఆ ఎల్వీ ప్రసాద్ గారి కుటుంబానిదే. ఈయన చదివింది సాహిత్యం, పని నేర్చుకుంది తండ్రి దగ్గర, తెలుగు సినిమాల మీదే.

అప్పట్లో ఎడిటింగంటే నిజంగానే కత్తిరింపు. 35 ఎంఎం ఫిల్ములో సెకనుకి 24 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు. రెండున్నర గంటల సినిమా అంటే 13,500 అడుగులు. షూట్ చేసింది దానికి ఎన్నో రెట్లుంటుంది. మూవియోలా మీద చూడటం, కొయ్యడం, టేపుతో అతికించడం. నచ్చకపోతే టేపు ఊడదీసి, తీసేసిన ముక్క ఏ బుట్టలో ఉందో వెతుక్కుని మళ్లీ అతకాలి. మనకి కంట్రోల్ జెడ్ ఉంది కాబట్టి ఆ బాధ తెలీదు :)

1989లో వచ్చిన హిందీ 'రాఖ్'తో మొదటి జాతీయ అవార్డు. తర్వాత అస్సామీ 'రాగ్ బిరాగ్', తమిళ 'ది టెర్రరిస్ట్', మలయాళ 'వానప్రస్థం', మణిరత్నం 'కన్నత్తిల్ ముత్తమిట్టాల్' (మన 'అమృత'), నందితా దాస్ 'ఫిరాక్'... 2022లో ప్రకటించిన తమిళ 'శివరంజనియుమ్ ఇన్నుం సిల పెణ్గళుమ్' దాకా, స్పెషల్ జ్యూరీతో కలిపి తొమ్మిది. వాటిలో తెలుగు కథాచిత్రం ఒక్కటీ లేదు! 'ఆర్ఆర్ఆర్' (2022) కూడా ఆయనే ఎడిట్ చేశారు మరి. తెలుగు సినిమాకి ఎడిటింగ్ అవార్డు రాదనీ కాదు, 2019 'జెర్సీ'కి నవీన్ నూలి తెచ్చుకున్నాడు. నాకనిపించేదేంటంటే, మన దగ్గర ఎడిటర్‌కి సీను తీసేసే అధికారం తక్కువ. పాట తీస్తే నిర్మాతకి కోపం, ఫైటు తీస్తే ఫ్యాన్సుకి కోపం.

ఈ గోల నాకెందుకంటే, మొన్న అప్రైజల్లో ఏం చేశావని అడిగారు. పాత మాడ్యూల్లో 1,200 లైన్లు తీసేశానన్నాను. "అది సరే, కొత్తగా ఏం రాశావ్?" అన్నారు. ఆ మాడ్యూల్ రాత్రిళ్లు పడిపోవడం మానేసి నాలుగు నెలలైంది. పడిపోని సర్వర్ ఎవరికీ గుర్తుండదు, బోరు కొట్టని సినిమాలో తీసేసిన సీనూ అంతే. రేటింగ్ మాత్రం మామూలే ఇచ్చారు.

ఈ ఆదివారం రూములో 'అమృత' పెడుతున్నాను. మావాడు చేతిలో రిమోట్ పట్టుకుని స్లో సీన్లన్నీ ఫార్వర్డ్ కొడతాడేమోనని భయంగా ఉంది.