కొడవలి కాని కొడవలి కత్తి

ప్రాచీన అస్సీరియా, ఈజిప్టు దేశముల వంపు తిరిగిన కంచు ఖడ్గమును చూచినవారు మొదట కొడవలి అనుకొందురు. కాని మన కొడవలికి పదును లోపలి వంపున ఉండును; ఈ ఖడ్గమునకు వెలుపలి వంపున. ఇది యుద్ధపు గొడ్డలి నుండి పుట్టినదని పండితుల అభిప్రాయము.

ఇట్లేల చేసిరి? కంచు అనగా రాగిలో సుమారు పదవ వంతు తగరము కలిపిన లోహము. సన్నని, పొడవైన కంచు కత్తితో బలముగా నరికినచో అది వంగును, లేదా విరుగును. అందుచే కత్తిని పొట్టిగా, మందముగా పోసి, బరువును కొనవైపు వంపులో చేర్చిరి. గొడ్డలి వ్రేటు, కత్తి కోత ఒకే ఆయుధమున కలిసినవి.

ఈజిప్టువారు దీనిని 'ఖోపెష్' అనిరి. 1922లో బయల్పడిన టుటంఖామెన్ సమాధిలో ఇట్టివి రెండు దొరికినవి. క్రీ. పూ. 1300 ప్రాంతమున అస్సీరియాను ఏలిన మొదటి అదద్ నిరారి కత్తి న్యూయార్కు మెట్రోపాలిటన్ మ్యూజియములో ఉన్నది. పొడవు సుమారు 54 సెంటీమీటర్లు. దానిపై రాజు పేరు, తండ్రి తాతల పేర్లు చెక్కియున్నవి.

మన తెలంగాణములోని బృహచ్ఛిలా సమాధులలో ఇనుప కత్తులు, కొడవళ్లు రెండును దొరకినవి. త్రవ్వకములలో వంపు తిరిగిన లోహము కనబడినచో, పదును ఎటున్నదో మొదట చూడవలెను. అది పొలమునకు చెందినదో, పోరునకు చెందినదో తెలుపు తొలి ఆనవాలు అదియే.