తండ్రి తీర్పరియా? ఒక ముష్టియుద్ధ వృత్తాంతము

మహాభారతమున విదురుడు చెప్పిన ప్రహ్లాదుని కథ మన ఆలయములలో పురాణశ్రవణము చేయు వారందఱకును తెలిసినదే. ప్రహ్లాదుని కుమారుడగు విరోచనునకును, సుధన్వుడను బ్రాహ్మణునకును తమలో ఎవరధికులను వివాదము పుట్టెను. ఇరువురును ప్రాణములను పణముగా నొడ్డి, ప్రహ్లాదునియొద్దకే తీర్పునకు వచ్చిరి. కన్నకొడుకు ప్రాణమునకు ముప్పని యెఱిగియు ఆ ధర్మాత్ముడు సుధన్వుడే యధికుడని పలికెను. ఆ సత్యనిష్ఠకు మెచ్చి సుధన్వుడు విరోచనుని ప్రాణమును మరల నొసగెను.

ఇంగ్లండు దేశమున 1908వ సంవత్సరమున జరిగిన యొక ముష్టియుద్ధమును గూర్చియు ఇట్టి ప్రశ్నయే పుట్టినది. ఆ వృత్తాంతమును మన పాఠకులకు విన్నవింప దలచితిమి.

ముష్టియుద్ధమునకు నియమములు ఏర్పడినది ఆ దేశముననే. 1867లో క్వీన్స్‌బెరీ నియమములు వెలువడెను. చేతులకు తొడుగులు, మూడు నిమిషముల రౌండు, నడుమ ఒక నిమిషము విశ్రాంతి, పడినవాడు లేచుటకు పది సెకనులు గడువు, ఇవన్నియు నప్పుడే కుదిరినవి. ధనాపేక్ష లేక పోరాడు ఔత్సాహికుల కొఱకు 1880లో అమెచ్యూర్ బాక్సింగ్ అసోసియేషన్ స్థాపితమయ్యెను. దాని పద్ధతి ప్రకారము ఇరువురు న్యాయనిర్ణేతలు గెలుపోటములను లెక్కించెడివారు. వారికి అభిప్రాయభేదము కలిగినపుడు రెఫరీ మాట నిలిచెడిది.

ఆ కాలపు రెఫరీలలో యూజిన్ కోరీ ప్రసిద్ధుడు. 1857లో జన్మించిన యీతడు లండను వాటాల విపణిలో వ్యాపారి. తీర్పరితనము ఆతనికి జీవనోపాధి కాదు, అభిమాన వ్యాసంగము. పూర్వము రెఫరీ బరి వెలుపల కూర్చుండియే తీర్పు చెప్పెడివాడు. 1907లో బరిలోనికి దిగి పోరాటమును నడపిన మొదటివాడు కోరీయే యని చెప్పుదురు.

1908 అక్టోబరు 27వ తేదీన లండనులోని క్లర్కెన్‌వెల్‌యందు ఒలింపిక్ ముష్టియుద్ధములు జరిగెను. పోటీలన్నియు ఒక్క దినముననే ముగిసెను. మధ్యమ బరువు తుదిపోరులో ఇంగ్లండు వాడగు జానీ డగ్లస్, ఆస్ట్రేలియా వాడగు స్నోవీ బేకర్ తలపడిరి. బేకర్ ఆ ఒలింపిక్ క్రీడలలోనే ఈతపోటీలలోను పాల్గొన్న మేటి. డగ్లస్ తరువాత ఇంగ్లండు క్రికెట్ జట్టునకు నాయకుడైనవాడు. హోరాహోరీగా సాగిన ఆ పోరున స్వల్పమైన తేడాతో డగ్లస్ గెలిచెను. నాటి ముష్టియుద్ధ పతకములు పదునైదింటిలో పదునాలుగు బ్రిటనునకే దక్కెను. మిగిలిన యొక్క రజతము బేకరుది.

నలువది నాలుగేండ్ల పిమ్మట, 1952లో, వృద్ధుడైన బేకర్ ఆనాడు డగ్లసు తండ్రియే ఏకైక న్యాయనిర్ణేత యనియు, రెఫరీ యనియు ఆరోపించెను. లోకము సులభముగా నమ్మెను. కాని నిజము వేఱు. నాటి రెఫరీ కోరీ. తండ్రియగు జాన్ హెర్బర్ట్ డగ్లస్ ఆ అసోసియేషను అధ్యక్షుడు. పతకములు అందించుటకే యచట నుండెను. అపవాదు బయలుదేరు నాటికి కోరీ గతించి పందొమ్మిదేండ్లయ్యెను. తండ్రికొడుకులును లేరు. 1930 డిసెంబరు 19వ తేదీన కాటెగాట్ సముద్రమున, పొగమంచులో ఓబెరాన్, ఆర్క్‌టురస్ అను ఓడలు ఢీకొనగా ఓబెరాన్ మునిగి యిరువురును అసువులు బాసిరి. తండ్రిని రక్షింపబోయియే కుమారుడు మరణించెనని చెప్పుదురు. సమాధానము చెప్పుటకు ఒక్కరును మిగులలేదు.

బేకరును మాత్రమే నిందించుట మాకు సమ్మతము కాదు. ఓటమి బాధ ఏండ్లు గడచిన కొలది జ్ఞాపకమును మార్చివేయును. అంతేకాక, తండ్రి అధ్యక్షపీఠమున నుండగా కుమారుడు బరిలో దిగినచో చూచువారికి శంక కలుగుట సహజము. తీర్పు ధర్మముగా నుండిన చాలదు. అది ధర్మమని పరులకును కనబడవలెను. మన ఆలయ సంఘములలో లెక్కలు చూచువారును, పోటీలకు బహుమతులు నిర్ణయించువారును, బంధువులున్న చోట తామే తొలగి నిలుచుట మేలు. అట్లే, విన్న మాటను విచారింపక నమ్ము మనమును దోషమునకు పాత్రులమే.

నేడు పద్ధతులు మాఱినవి. 2022 ఆగస్టు 7వ తేదీన బర్మింగ్‌హామ్ కామన్‌వెల్త్ క్రీడలలో మన నిజామాబాదు బిడ్డ నిఖత్ జరీన్ స్వర్ణము గెలిచినపుడు ఐదుగురు న్యాయనిర్ణేతలును ఏకగ్రీవముగా ఆమెకే గెలుపు నిచ్చిరి. ఐదు కన్నులు చూచిన చోట అపవాదునకు తావు తక్కువ. అయినను ఎందఱు కూర్చుండినను, తీర్పరి హృదయమున ప్రహ్లాదుని నిష్ఠ లేనిచో ఆ సంఖ్య వ్యర్థమే. ఆ నిష్ఠను భగవంతుడు మన పెద్దలకును పిల్లలకును ప్రసాదించుగాక!