వీథి వర్తకుని హక్కు

వీథి యెవరిది? నడచువానిదా, బండి తోలువానిదా, గంప దింపుకొని కూర్చుండువానిదా? ఈ ప్రశ్న నగరములంత ప్రాచీనమైనది. పూర్వము సంతకును వీథికిని నడుమ గోడ యుండెడిది కాదు. సంత జరుగు దినమున వీథియే అంగడి. కూర్చున్న చోటికి చెల్లించు పైకమే అమ్మువాని హక్కునకు గుర్తు. ఢిల్లీలో ఈ రుసుమునకు తహ్‌బజారీ యని పేరు.

ఆంగ్లేయుల పాలనలో నగరపాలక చట్టములు వెలసిన పిదప ఈ దృష్టి మారినది. వీథి రాకపోకలకే యేర్పడినదనియు, అందు సరకు పెట్టువాడు అడ్డంకి యనియు ఆ చట్టములు భావించెను. 1888 నాటి బొంబాయి మునిసిపల్ కార్పొరేషన్ చట్టమును, దాని సవరణలును ఇందులకు ప్రబల నిదర్శనములు. కమిషనరు లైసెన్సు లేక వీథిలో అమ్మరాదు; అమ్మినచో నోటీసు నీయకయే సరకును తొలగింపవచ్చును. లైసెన్సులు కొలది, అమ్మువారు వేలాది. కావున ఆ అధిక సంఖ్యాకుల జీవనము చట్టము వెలుపలనే సాగినది. చట్టము వెలుపల బ్రదుకువానికి ప్రతిదినమును ఎవనినో ఒకనిని మెప్పింపవలసిన అగత్యము కలుగును. మామూళ్లకు మూలమిదియే.

1950లో అమలునకు వచ్చిన రాజ్యాంగము 19(1)(జి) అధికరణమున వృత్తి వ్యాపార స్వాతంత్ర్యమును ప్రసాదించెను. సమంజసమైన ఆంక్షలను విధించుటకు 19(6) అవకాశమొసగెను. 1954లో సగీర్ అహ్మద్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు, రహదారిపై బస్సులు నడిపి వ్యాపారము చేయు హక్కు పౌరులకు గలదని తేల్చెను. కాని 1967లో, న్యూఢిల్లీ వీథులలో తినుబండారములమ్ము వారు ప్యారేలాల్ వ్యాజ్యమున అదే న్యాయస్థానము నాశ్రయింపగా, అట్టి హక్కు లేదని సమాధానము వచ్చెను. చక్రములపై సాగు వర్తకమునకు దొరకిన హక్కు, నేలపై కూర్చున్న వర్తకమునకు దొరకలేదు. 1985లో బొంబాయి హాకర్ల వ్యాజ్యమున న్యాయస్థానము అమ్మకపు మండలములను, నిషిద్ధ మండలములను వేరుపరచు పద్ధతికి ఆమోదము తెలిపెను.

మలుపు 1989లో వచ్చినది. జనపథ్ సందులో తహ్‌బజారీ చెల్లించి దుస్తులమ్ముకొను సోదన్ సింగ్ అను చిరువర్తకుని వ్యాజ్యమును ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము విచారించెను. వీథి వర్తకము 19(1)(జి) క్రింద ప్రాథమిక హక్కే యని తీర్పు వెలువడెను. అయితే ఫలానా చోటనే శాశ్వతముగా కూర్చుండు హక్కు ఎవరికిని లేదనియు, రాకపోకల సౌకర్యమును బట్టి ఆంక్షలు విధింపవచ్చుననియు ఆ తీర్పే పలికెను. హక్కు ఉన్నది, చోటు లేదు. తరువాతి పోరాటమంతయు ఈ రెంటిని కలుపుటకే జరిగినది.

ఈ పోరాటమున స్త్రీల పాత్ర మరువరానిది. 1972లో ఇలా భట్ అహమ్మదాబాదున స్థాపించిన సేవా సంఘము కూరగాయలమ్ము స్త్రీల పక్షమున నిలిచెను. 2004లో కేంద్ర ప్రభుత్వము జాతీయ విధానమును ప్రకటించి, 2009లో దానిని సవరించెను. విధానము వేరు, శాసనము వేరు. ప్రాథమిక హక్కు మారుచుండు పథకములపై ఆధారపడరాదని 2010లో గైందారామ్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు హెచ్చరించి, చట్టము చేయుటకు గడువు విధించెను. ఆ గడువు దాటిన పిమ్మట, 2014 మే 1వ తేదీన వీథి వర్తకుల జీవనోపాధి రక్షణ, నియంత్రణ చట్టము అమలునకు వచ్చెను.

ఈ చట్టము ప్రకారము ప్రతి నగరమునను వర్తకుల గణన జరుగవలెను, అమ్మకపు ధ్రువపత్రములొసగవలెను. పట్టణ కమిటీలలో నూటికి 40కి తక్కువ గాక వర్తకుల ప్రతినిధులుండవలెను. వారిలో మూడవవంతు స్త్రీలు. ధ్రువపత్రమున్న వానిని తొలగించుటకు 30 దినముల నోటీసు అవసరము. జప్తు చేసిన సరకును యజమాని కోరినచో రెండు పనిదినములలోను, పాడైపోవు సరకును ఆ దినముననే తిరిగి యీయవలెను. మధ్యాహ్నము పట్టుకొనిన టమాటాలను వారము పిమ్మట ఇచ్చినచో అది న్యాయమనిపించుకొనదు గదా! గణన పూర్తియై పత్రములిచ్చువరకు ఎవ్వరిని తొలగింపరాదనియు చట్టము శాసించుచున్నది. కాని చాల నగరములలో గణనలును, కమిటీలును ఏండ్ల తరబడి జాగు చేసినవి. పత్రము లేనివాడు తన హక్కును దేనితో నిరూపించుకొనును? మరియు జనాభాలో నూటికి రెండున్నర వంతు వర్తకులకే స్థలము కల్పించుట యను పరిమితి గలదు. ఆ లెక్కకు మించినవారి గతి యేమి?

మన చరిత్రలో ఒక ఉదాహరణము గలదు. కాకతీయ గణపతిదేవుడు 1244లో మోటుపల్లి రేవున అభయశాసనము వేయించెను. ఓడ పగిలి ఒడ్డునకు చేరిన సరకును బలిమిని కైకొను పూర్వాచారమును మాన్పి, నియతమైన సుంకము దప్ప వేరొండు గ్రహింపనని సముద్రవర్తకులకు అభయమొసగెను. వర్తకునికి కావలసినది దయ కాదు. ఎంత చెల్లింపవలెనో, చెల్లించిన పిమ్మట తన సరకు తనదిగా నుండునో లేదో అను నిశ్చయము. దూరదేశపు ఓడకు ఆనాడు దొరకిన ఆ నిశ్చయము మన వీథిలోని తోపుడుబండికి దొరకిననాడే 2014 నాటి చట్టము సార్థకమగును.