‘తెల్లవాడు’ పుట్టింది 1691లో

వర్జీనియాలో తెలుగువాళ్ల ఇళ్లల్లో భోజనాలయ్యాక మొదలయ్యే చర్చల్లో రేసిజం ఒకటి. ఎన్నికలప్పుడు కాస్త ఎక్కువ. ఎవరో ఒకరు, సాధారణంగా అందరికంటే ముందొచ్చి స్థిరపడ్డ అన్నయ్య, “మనుషులున్నప్పట్నుంచీ ఉన్నదే ఇది. రంగు చూసి దూరం జరగడం సహజం, ఎవరూ ఏం చెయ్యలేరు” అని తేల్చేస్తాడు. ఆ తర్వాత ఐస్‌క్రీం వస్తుంది, చర్చ ముగుస్తుంది.

నాకు ఆ మాటతో పేచీ ఉంది. నీతి విషయంలో కాదు, చరిత్ర విషయంలో. కొత్తవాణ్ణి చూసి జంకడం పాతదే, ఒప్పుకుంటాను. కానీ ఈ రంగులో పుట్టినవాడు, వాడి పిల్లలు, ఆ పిల్లల పిల్లలు ఎప్పటికీ ఇంతే అని నిర్ణయించడం వేరే సంగతి. అది సహజంగా పుట్టలేదు. ఓటేసి పుట్టించారు. అందుకు తేదీలున్నాయి, తీర్మానాలున్నాయి, మేముంటున్న ఈ రాష్ట్రంలోనే కాగితాలున్నాయి. విలియం వాలర్ హెనింగ్ అనే ఆయన వలస కాలపు వర్జీనియా చట్టాలన్నీ ఏరి 19వ శతాబ్దం మొదట్లో 13 సంపుటాలుగా అచ్చు వేశాడు. ఎంతో నిస్సారంగా ఉంటాయి. పొగాకు తూకాలు, పందుల చెవులకు గుర్తులు, చర్చికి రానివాళ్లకు జరిమానాలు. వాటి మధ్యలోనే, అదే గొంతుతో, మనుషుల్ని రెండుగా చీల్చిన వాక్యాలు కూడా ఉంటాయి.

1619 ఆగస్టులో ‘వైట్ లయన్’ అనే ఓడ పాయింట్ కంఫర్ట్ దగ్గర ఆగింది. అందులో ఇరవై మంది పైచిలుకు ఆఫ్రికన్లున్నారని జాన్ రాల్ఫ్ తన ఉత్తరంలో రాశాడు. అంగోలాలోని లువాండా నుంచి మెక్సికోకి పోతున్న పోర్చుగీసు ఓడ మీద దాడిచేసి వాళ్లని ఎత్తుకొచ్చారు. తిండి సామాను ఇచ్చి కొనుక్కున్నారు వర్జీనియా దొరలు. సరిగ్గా నెల ముందు అక్కడే, జేమ్స్‌టౌన్ చర్చిలో, ఇంగ్లీషు అమెరికాలో మొట్టమొదటి ఎన్నికైన శాసనసభ కూర్చుంది. రెండూ ఒకే ఎండాకాలంలో.

అప్పటికి వర్జీనియాలో పొలం పని చేసేవాళ్లలో ఎక్కువమంది ఇంగ్లీషు పేదలే. ఓడ ఛార్జీకి బదులుగా నాలుగేళ్లో, ఏడేళ్లో వెట్టి చెయ్యాలి. తర్వాతి కాలంలో కోరంగి నుంచి మారిషస్ వెళ్లిన మనవాళ్ల గిరిమిటు లాంటిదే. అమ్మొచ్చు, కొట్టొచ్చు, జూదంలో ఒడ్డొచ్చు. గడువు తీరేదాకా బతికితే స్వేచ్ఛ. ఆఫ్రికన్ల సంగతేమిటన్నది మాత్రం చట్టంలో లేదు. చాలామంది జీవితాంతం బానిసలుగానే ఉండిపోయారు. కొందరు బయటపడ్డారు కూడా.

బయటపడ్డవాళ్లలో ఆంటనీ జాన్సన్ కథ దగ్గర కాస్త ఆగాలి. 1621లో వచ్చినప్పుడు రికార్డులో అతని పేరు ‘ఆంటోనియో, నీగ్రో’. పొగాకు తోటలో పనిచేశాడు. మేరీ అనే ఆఫ్రికన్ స్త్రీని పెళ్లి చేసుకున్నాడు, స్వేచ్ఛ సంపాదించాడు, పశువుల్ని పెంచాడు. 1651లో అతని పేర 250 ఎకరాలు రాశారు. మనిషిని తెప్పిస్తే తలకి 50 ఎకరాలు ఇచ్చే పద్ధతి అప్పట్లో ఉండేది. ఐదు తలల లెక్కన వచ్చిన భూమి అది. జాన్ కేసర్ అనే నల్ల కూలీ తన గడువైపోయిందంటూ పక్కనున్న తెల్ల రైతు దగ్గరికి పోతే, జాన్సన్ కోర్టుకెక్కాడు. 1655లో గెలిచి, కేసర్‌ని జీవితాంతపు సేవకుడిగా వెనక్కి తెచ్చుకున్నాడు.

ఇంటర్నెట్లో ఈ ముక్క బాగా తిరుగుతుంది. “అమెరికాలో మొదటి బానిస యజమాని నల్లవాడే, ఇక రేసిజం ఎక్కడిది?” అని. దాన్ని పంపించేవాళ్లు ఇంకో పదిహేనేళ్లు చదివితే బాగుండేది. 1660ల్లో జాన్సన్ కుటుంబం మేరీలాండ్‌కి తరలిపోయింది. అతను చనిపోయిన ఏడాదే, 1670లో, వర్జీనియాలో మిగిలిన అతని భూమి మీద జ్యూరీ తీర్పు చెప్పింది: అతను నీగ్రో, కాబట్టి పరాయివాడు, కాబట్టి భూమి రాజుగారికి చెందుతుంది. 1655లో అదే మనిషి ఫిర్యాదు మీద తీర్పిచ్చిన దేశమే ఇది. ఈ పదిహేనేళ్లలో అతని రంగు మారలేదు. మారినదేదో ఉంది. నాకు కావలసింది అదీ.

1619లో అంతా స్వచ్ఛంగా ఉండేదని నేను అనడం లేదు. పోర్చుగీసువాళ్లు అప్పటికి నూట యాభై ఏళ్లకు పైగా ఆఫ్రికన్లని అమ్ముతున్నారు, నలుపంటే పాపం అనే భావన ఇంగ్లీషు భాషలోనే ఉంది. 1640లో ముగ్గురు కూలీలు పారిపోయి పట్టుబడ్డారు. ఒకడు డచ్చివాడు, ఒకడు స్కాట్లండ్ వాడు, మూడోవాడు జాన్ పంచ్ అనే నల్లవాడు. ముగ్గురికీ ముప్ఫై కొరడా దెబ్బలు. మొదటి ఇద్దరికీ మరో నాలుగేళ్ల సేవ. పంచ్‌కి యావజ్జీవం. అంటే జడ్జీల మనసులో తేడా అప్పటికే ఉంది. బానిసత్వం ముందా, ద్వేషం ముందా అని చరిత్రకారులు ఇప్పటికీ కొట్టుకుంటారు. ఎరిక్ విలియమ్స్ బానిసత్వమే రేసిజాన్ని కన్నదన్నాడు. విన్‌త్రాప్ జోర్డన్ ఇంగ్లీషువాళ్ల చిన్నచూపు ముందునుంచీ ఉన్నదన్నాడు. నా మటుకు, చిన్నచూపు గాలిలో ఉంటే ఉండనీ, దాన్ని పట్టుకొచ్చి వంశపారంపర్య ఆస్తి హక్కుగా మార్చినవాళ్లెవరన్నదే అసలు ప్రశ్న అనిపిస్తుంది. గాలి ఎక్కడైనా వీస్తుంది. గోడ కట్టాలంటే మేస్త్రీ కావాలి.

మేస్త్రీ పని మొదలవడానికి ఒక స్త్రీ కారణం. ఎలిజబెత్ కీ తండ్రి టామస్ కీ ఇంగ్లీషువాడు, శాసనసభ సభ్యుడు. తల్లి ఆఫ్రికన్. తండ్రి చనిపోయాక ఆమెని వదలకుండా వాడుకుంటున్న ఎస్టేటు మీద ఎలిజబెత్ దావా వేసింది. వాదన సూటిగా ఉంది. ఇంగ్లీషు చట్టంలో బిడ్డ హోదా తండ్రిని బట్టి, నా తండ్రి స్వతంత్రుడు. నేను బాప్తిస్మం పొందిన క్రిస్టియన్ని. పైగా నా గడువు ఎప్పుడో తీరింది. పై కోర్టులూ కింది కోర్టులూ తిరిగి 1656లో గెలిచింది. తన తరఫున వాదించిన విలియం గ్రిన్‌స్టెడ్‌నే పెళ్లి చేసుకుంది.

1662 డిసెంబరులో శాసనసభ ఒక చిన్న చట్టం చేసింది. ఇంగ్లీషువాడికీ నీగ్రో స్త్రీకీ పుట్టిన బిడ్డ స్వతంత్రుడా బానిసా అన్న సందేహాలు వచ్చాయి గనుక, ఇకనుంచీ బిడ్డ తల్లి స్థితినే పొందుతుంది అని. శతాబ్దాల ఇంగ్లీషు సంప్రదాయాన్ని ఒక్క వాక్యంతో తిప్పేశారు. అప్పటిదాకా తల్లిని బట్టి లెక్కించేది పశువుల్నే, ఆవు ఎవరిదైతే దూడ వాళ్లది. ఇక యజమాని తన బానిస స్త్రీ మీద చేసిన అత్యాచారం నేరం కాకపోగా రాబడి అయింది. తండ్రి తన బిడ్డని అమ్ముకోవచ్చు. ఇందులో ద్వేషం కోసం వెతికితే పెద్దగా దొరకదు, చిట్టా పద్దు రాస్తున్నవాడి గొంతే వినిపిస్తుంది.

ఎలిజబెత్ రెండో వాదన బాప్తిస్మం. 1667లో ఆ దారీ మూసేశారు, బాప్తిస్మం వల్ల బానిస స్థితి మారదన్నారు. 1669లో ఇంకొకటి: యజమాని శిక్షిస్తుండగా బానిస చనిపోతే అది హత్య కాదు, ఎందుకంటే ఎవడూ కావాలని తన ఆస్తిని తానే నాశనం చేసుకోడు. దీన్ని నేను మళ్లీ మళ్లీ చదివాను. తర్కంలో ఎక్కడా తప్పు లేదు, అదే భయపెట్టింది.

ఇంతలో 1676 వచ్చింది. నథానియల్ బేకన్ గవర్నరు మీద తిరగబడి సెప్టెంబరులో జేమ్స్‌టౌన్ని తగలబెట్టాడు. బేకన్‌ని హీరో చెయ్యకూడదు. అతను బాగా ఉన్నవాడు, ఇండియన్లని చంపడానికి గవర్నరు అడ్డొస్తున్నాడన్నదే అతని కోపం. అయితే అతని సైన్యంలోకి గడువు తీరని తెల్ల కూలీలూ, నల్ల బానిసలూ కలిసి వచ్చారు. బేకన్ జబ్బుతో చచ్చిపోయాక కూడా ఒక దండు లొంగలేదు. టామస్ గ్రాంతమ్ అనే ఓడ కెప్టెన్ వెళ్లి మాట్లాడితే చాలామంది వెనక్కి తగ్గారు. చివరిదాకా ఆయుధాలు దించనివాళ్లు 80 మంది నల్లవాళ్లు, 20 మంది ఇంగ్లీషువాళ్లు. స్వేచ్ఛ ఇస్తానని నమ్మించి, పడవెక్కించి, ఓడ ఫిరంగులు గురిపెట్టి లొంగదీశాడు. ఆ వందమందిలో ఒక్కరి మాటా మనకు మిగల్లేదు. వాళ్లని చూసి భయపడ్డవాళ్లు మాత్రం చాలా రాశారు.

ఆ తర్వాతి ముప్ఫై ఏళ్ల చట్టాలు చదివితే ఆ భయం వరస కనబడుతుంది. అన్నీ ఆ ఒక్క తిరుగుబాటు వల్లే అనలేం. ఇంగ్లండ్ నుంచి కూలీలు రావడం తగ్గింది, ఆఫ్రికా నుంచి ఓడలు పెరిగాయి. కానీ మాటలు మారడం చూడండి. మొదట్లో చట్టాలు ‘క్రిస్టియన్లు’, ‘ఇంగ్లీషువాళ్లు’ అనేవి. బానిసలూ బాప్తిస్మం పుచ్చుకోవచ్చని 1667లో ఒప్పుకున్నాక ‘క్రిస్టియన్’ అన్న మాట గీత గీయడానికి పనికిరాకుండా పోయింది. వేరే మాట కావాలి. 1691 చట్టంలో అది దొరికింది: ‘ఇంగ్లీషు లేదా ఇతర తెల్ల’ పురుషుడు గానీ స్త్రీ గానీ నీగ్రోనో, ములాటోనో, ఇండియన్నో పెళ్లాడితే మూడు నెలల్లో దేశం నుంచి వెళ్లగొట్టాలి. ఐరిష్‌వాడూ, డచ్చివాడూ, నిన్నటిదాకా దొర చేతిలో దెబ్బలు తిన్న కూలీ, అందరూ ఒక్క పేరు కింద సర్దుకున్నారు. గమనించండి, ఆ పేరు పుట్టింది పెళ్లి చట్టంలో. కులం తెలిసిన మనకి ఇది విడమర్చి చెప్పక్కర్లేదు.

1705లో అన్నీ కలిపి ఒకే పెద్ద చట్టం చేశారు. తెల్ల క్రిస్టియన్ కూలీని బట్టలూడదీసి కొట్టకూడదు, మేజిస్ట్రేటు ఉత్తర్వు కావాలి. గడువు తీరిన కూలీకి 10 బుషెళ్ల మొక్కజొన్న, 30 షిల్లింగులు, ఒక తుపాకి ఇచ్చి పంపాలి. బానిసల దగ్గరున్న గుర్రాలూ, పశువులూ, పందులూ జప్తుచేసి అమ్మి, ఆ డబ్బు చర్చి ద్వారా పేదలకి పంచాలి. అదే ఏడాది ఇంకో చట్టం వారసత్వం లెక్కల్లో బానిసల్ని భూమిలాగా స్థిరాస్తి చేసింది. నన్నడిగితే ఈ మొత్తంలో కీలకం ఆ పందుల సంగతి. పేద తెల్లవాడికి భూమి ఇవ్వలేదు, పెత్తనం ఇవ్వలేదు. నల్లవాడి పంది అమ్మిన డబ్బులో వాటా ఇచ్చారు, ఒంటి మీద చొక్కా ఉండే హక్కు ఇచ్చారు. అవి నిలబడాలంటే పక్కవాడికి అవి ఉండకూడదు. బతకడానికి అవసరమైన అబద్ధాన్ని మనిషి త్వరగా నమ్ముతాడు. పుర్రెలు కొలిచిన శాస్త్రవేత్తలు చాలా ఏళ్ల తర్వాత గానీ రాలేదు, వాళ్లు వచ్చేసరికి తీర్పు సిద్ధంగా ఉంది.

మరి 1865లో బానిసత్వం పోయింది కదా, ఇది ఎందుకు పోలేదు? పెళ్లి చట్టం పోలేదు గనుక. 1924లో వర్జీనియా దాన్ని బిగించింది. ఇతర రక్తం చుక్క ఉన్నా తెల్లవాడు కాడు. ఒక్క మినహాయింపు, పదహారో వంతు ఇండియన్ రక్తం పర్వాలేదు. ఎందుకంటే రాష్ట్రంలోని గొప్ప కుటుంబాలు కొన్ని పోకహొంటస్ సంతతిమని చెప్పుకుంటాయి. ఆమె భర్త ఎవరో కాదు, 1619 ఓడ గురించి ఉత్తరం రాసిన రాల్ఫే. జనన మరణాల రిజిస్ట్రారు వాల్టర్ ప్లెకర్ 1946 దాకా ఆ కుర్చీలో కూర్చుని, ఇండియన్లుగా నమోదైనవాళ్ల సర్టిఫికెట్లు వెతికి మరీ రంగు దిద్దాడు. 1958లో రిచర్డ్, మిల్‌డ్రెడ్ లవింగ్ దంపతుల్ని పోలీసులు రాత్రిపూట పడగ్గదిలోంచి పట్టుకెళ్లారు. శిక్ష, 25 ఏళ్లు రాష్ట్రం విడిచిపోవాలి. 1691 నాటి దేశబహిష్కారమే. సుప్రీంకోర్టు దీన్ని కొట్టేసింది 1967లో.

వర్జీనియా చట్టానికి ఒక్క ఏడాది ముందు, 1923లో, అదే సుప్రీంకోర్టుకి మన ఉపఖండం మనిషి ఒకరు వెళ్లారు. భగత్ సింగ్ థిండ్, పంజాబీ సిక్కు, మొదటి ప్రపంచ యుద్ధంలో అమెరికా సైనికుడు. తెల్లవాళ్లకీ, ఆఫ్రికా సంతతికీ మాత్రమే పౌరసత్వం ఇచ్చే రోజులు. ఆయన తరఫున వేసిన వాదన ఏమిటంటే, నేను ఆర్యుణ్ణి, అగ్రకులస్థుణ్ణి, అందుచేత తెల్లవాణ్ణి. అక్కడితో ఆగలేదు. పెళ్లి విషయంలో అమెరికన్లు నీగ్రోలని ఎలా చూస్తారో అగ్రకుల హిందువు తన దేశపు ఆదివాసుల్ని అలాగే చూస్తాడు అని కూడా రాశారు. గోడ తప్పని ఎవరూ అనలేదు, నన్ను ఇటువైపు నిలబెట్టండి అన్నారు. సామాన్యుడి కంటికి నువ్వు తెల్లవాడివి కావు పొమ్మంది కోర్టు. అప్పటికే పౌరులైన భారతీయుల పౌరసత్వాలు కూడా లాక్కున్నారు.

మనం ఇక్కడికి గుంపులుగా రాగలిగింది 1965 వలస చట్టం వల్ల. నల్లవాళ్లు వీధుల్లో దెబ్బలు తిని తెచ్చిన పౌరహక్కుల చట్టం దానికి ఏడాది ముందుది. ఇల్లు కొనేటప్పుడు ఇది ఎవరికీ గుర్తురాదు. “ఆ వైపు వద్దు, నల్లోళ్లెక్కువ, స్కూళ్లు బాగోవు” అంటారు. అనేవాళ్లు చెడ్డవాళ్లు కాదు, పిల్లల చదువు కోసం తాపత్రయపడేవాళ్లే. నల్లపేటల్లో ఇళ్లకి అప్పులివ్వొద్దని 1930ల్లో ప్రభుత్వమే గీతలు గీసింది. అప్పు లేక ధర పెరగలేదు, ధర పెరగక పన్ను రాలేదు, పన్ను లేక బడి బాగుపడలేదు. ఇప్పుడు బడి రేటింగు చూసి మనం ఇల్లు కొంటాం. ఎవరినీ ద్వేషించకుండానే ఆ పాత గీత మీదుగా ఇంకోసారి పెన్ను పోనిస్తాం.

బడి అంటే ప్రిన్స్ ఎడ్వర్డ్ కౌంటీ గుర్తొస్తుంది. 1951లో బార్బరా జాన్స్ అనే 16 ఏళ్ల అమ్మాయి తారు కాగితం పాకల్లో చదవలేమని స్కూలు మొత్తాన్ని సమ్మెకి నడిపించింది. ఆ కేసు వెళ్లి బ్రౌన్ తీర్పులో కలిసింది, నల్ల పిల్లల్ని వేరు బడుల్లో పెట్టడం చెల్లదన్నారు. కౌంటీ ఏం చేసిందంటే, 1959లో ప్రభుత్వ బడులన్నీ మూసేసింది. తెల్ల పిల్లలకి ప్రైవేటు అకాడెమీ తెరిచారు. వెయ్యికి పైగా నల్ల పిల్లలకి ఐదేళ్లు ప్రభుత్వ బడి లేదు. కొందరు చుట్టాలిళ్లకి వేరే ఊళ్లు పోయి చదువుకున్నారు, చాలామంది పొలాలకి పోయారు. మళ్లీ కోర్టు చెబితే 1964లో తలుపులు తీశారు.

2004లో రాష్ట్రం వాళ్ల కోసం ఒక స్కాలర్‌షిప్పు పెట్టింది, ఆగిపోయిన చదువు పూర్తి చేసుకోమని. అప్పటికి వాళ్లలో అందరికన్నా చిన్నవాళ్లకే యాభై దగ్గరపడింది.