ఉదయగిరి దుర్గం - బాలకృష్ణుని ప్రయాణం

నెల్లూరు జిల్లా అనగానే అందరికీ పెన్న డెల్టా వరిపొలాలే గుర్తుకొస్తాయి. పడమట వెలికొండల వైపున్న నాటి ఉదయగిరి, ఆత్మకూరు తాలూకాలు మాత్రం మెట్టసీమ. ఇక్కడి కచేరీల్లో గుమాస్తాగా నేను ఎక్కువగా చూసినవి చెరువుల లెక్కలే. వాన పడితేనే పంట.

అయినా ఈ నేల కోసం రాజులు పోరాడారు. కారణం ఊరి వెనుక సుమారు 3,000 అడుగుల ఎత్తున్న కొండ. దాన్ని పట్టినవారికి కోస్తా నుంచి కడప వైపు పోయే దారులపై అదుపు చిక్కేది.

గజపతుల చేతిలో ఉన్న ఈ దుర్గాన్ని శ్రీకృష్ణదేవరాయలు 1513లో ముట్టడించాడు. కొండ నిటారుగా ఉండటంతో నెలల తరబడి పట్టింది. 1514లో కోట లొంగింది. ఇక్కడి బాలకృష్ణ విగ్రహాన్ని రాయలు హంపీకి తీసుకుపోయి, ఆలయం కట్టించి, 1515లో ప్రతిష్ఠించాడు. ఆ విగ్రహం నేడు చెన్నై ఎగ్మూరు మ్యూజియంలో ఉంది.

దేవుడు వెళ్లిపోయినా ఊరు నిలిచింది. కొయ్య గరిటెలు, చెంచాలు చెక్కే పనివారు ఉదయగిరి పేరు నిలిపారు. ఆత్మకూరు చేరువలో పెన్నపై 78 టి.ఎం.సి.ల సోమశిల జలాశయం వెలసింది. మెట్టకు అసలు కోట నీరే.

పింఛనుదారు మిత్రులారా, చెన్నై వెళ్లినప్పుడు మనవలకు ఆ బాలకృష్ణుణ్ణి చూపించండి. ఆయన సొంతూరు ఉదయగిరి అని చెప్పండి.